కొండ మీద మూడు స్టార్లు: మిషెల్ బ్రాస్ కెరీర్ ఎలా నడిచింది, అలాంటి చోట పని ఎలా దొరుకుతుంది

మీరు రాసింది చదివాను. హైదరాబాద్‌లో హోటల్ మేనేజ్‌మెంట్ పూర్తి చేసి, ఒక పెద్ద హోటల్ కిచెన్‌లో పనిచేస్తున్నారు. ఫ్రాన్స్‌లో ఒక మారుమూల కొండ మీద రెస్టారెంట్ నడిపి మూడు మిషెలిన్ స్టార్లు (రెస్టారెంట్లకి మిషెలిన్ గైడ్ ఇచ్చే అన్నిటికన్నా పెద్ద గుర్తింపు) తెచ్చుకున్న మిషెల్ బ్రాస్ గురించి విన్నారు. అలాంటి కెరీర్ ఎలా మొదలవుతుంది, అంత దూరంలో ఉన్న రెస్టారెంట్‌కి డబ్బు ఎలా వస్తుంది, మనలాంటి వాళ్లకి అక్కడ పని నేర్చుకునే వీలుందా అని అడిగారు. నేను ఫ్రాన్స్ పల్లెల్లో ఇలాంటి కిచెన్లలో కమీగా, అంటే కింది స్థాయి వంటవాడిగా మొదలుపెట్టి షెఫ్ ద పార్తీ, అంటే ఒక సెక్షన్ బాధ్యుడి వరకు పనిచేశాను. బ్రాస్ దగ్గర పనిచేయలేదు కానీ ఆ తరహా ఇళ్లు (కుటుంబం నడిపే రెస్టారెంట్‌ని ఇల్లు అనే అంటాం) లోపలి నుంచి తెలుసు. అందుకే కాస్త వివరంగా రాస్తున్నాను.

ముందు ఒక విషయం. పెద్ద హోటల్లో కెరీర్ అంటే ప్రమోషన్లు. కమీ నుంచి సూ షెఫ్ (షెఫ్ తర్వాతి స్థానం), అక్కడి నుంచి ఎగ్జిక్యూటివ్ షెఫ్. ఈ ఊరు నచ్చకపోతే ఇంకో ఊరు, ఈ కంపెనీ కాకపోతే ఇంకో కంపెనీ. ఫ్రాన్స్ పల్లెలో పేరున్న షెఫ్ కెరీర్ అలా ఉండదు. అది ఒక కుటుంబం చరిత్ర. అమ్మో నాన్నో నడిపిన చిన్న హోటల్, దాన్ని పెద్దది చేయడానికి తెచ్చిన అప్పు, డైనింగ్ హాలు మొత్తం చూసుకునే భార్య, చుట్టుపక్కల పాలూ కూరగాయలూ పండించే రైతులు, చివరికి తాళాలు అందుకునే కొడుకో కూతురో. షెఫ్ ఎక్కడికీ వెళ్లడు, వెళ్లలేడు. ఉన్న చోటికే ప్రపంచాన్ని రప్పించుకోవాలి. బ్రాస్ వంటకాలు నేర్చుకోవడం కన్నా ఇది అర్థం చేసుకోవడం ముఖ్యమని నా అభిప్రాయం.

ఊరి సంగతి చెప్తాను, అక్కడినుంచే అంతా మొదలైంది. లాయోల్ అనేది దక్షిణ ఫ్రాన్స్‌లో అవేరోన్ జిల్లాలోని చిన్న ఊరు. జనాభా పన్నెండు పదమూడు వందలు. చుట్టూ ఓబ్రాక్ పీఠభూమి, వెయ్యి మీటర్ల పైన, చెట్లు తక్కువ, గడ్డి ఎక్కువ, చలికాలం మంచు. మే నెలాఖరులో ఆవుల మందల్ని ఎత్తైన బయళ్లకి తోలుతారు, అక్టోబరు మధ్యలో దించుతారు. ఆ పాలతో చేసే లాయోల్ చీజ్‌కి 1961లో ప్రాంతీయ గుర్తింపు వచ్చింది. అప్పుడే తోడుకున్న మెత్తటి చీజ్‌ని బంగాళాదుంప గుజ్జులో, వెల్లుల్లితో కలిపి తీగలు సాగేదాకా గరిటెతో కొట్టి చేసే అలిగో ఆ ప్రాంతపు ఇంటి వంట. లాయోల్ మడత కత్తులు కూడా లోకమంతా తెలుసు.

ఆ నేల మీద బతుకు కష్టం. అందుకే 19వ శతాబ్దం నుంచీ అవేరోన్ కుర్రాళ్లు పారిస్ వెళ్లిపోయేవారు, బొగ్గు అమ్మేవారు, కేఫ్‌లు పెట్టేవారు. పారిస్‌లో ప్రఖ్యాతమైన బ్రాసరీ లిప్ అనే రెస్టారెంట్‌ని 1920లో కొన్న మార్సెలాన్ కాజ్‌ది లాయోలే. అంటే ఆ ఊళ్లో వంటా వడ్డనా తెలిసినవాడు పైకి రావాలంటే పారిస్ రైలెక్కడం ఆనవాయితీ. మిషెల్ బ్రాస్ ఎక్కలేదు. ఆయన కెరీర్‌లో మొదటి పెద్ద నిర్ణయం ఇదే.

ఆయన 1946లో పుట్టారు. తల్లిదండ్రులు లాయోల్‌లో లూ మజ్యూక్ అనే చిన్న హోటల్ నడిపేవారు. వంట తల్లి ఆంజెల్‌ది. ఊరివాళ్లు, సంతకొచ్చిన పశువుల వ్యాపారులు, దారిన పోయేవాళ్లు తినే చోటు. బ్రాస్ తల్లి పక్కనే నిలబడి నేర్చుకున్నారు. ఆ తరం పెద్ద షెఫ్‌లందరికీ ఒక గురుపరంపర ఉంటుంది: వియెన్ పట్టణంలో ఫెర్నాన్ ప్వాన్ దగ్గర ఒకరు, లియోన్‌లో అందరూ అమ్మ అని పిలిచే యూజెనీ బ్రాజియే దగ్గర ఇంకొకరు. బ్రాస్‌కి అలాంటిది లేదు. పుస్తకాలు చదివారు, ప్రయోగాలు చేశారు, పరుగెత్తారు. పరుగెత్తడం మాట సరదాకి చెప్పడం లేదు. ఆయన దూరాలు పరుగెత్తే మనిషి. ఓబ్రాక్ బయళ్లలో పరుగెడుతూ, పూలు విరబూసిన పచ్చిక చూసిన అనుభవంలోంచే ఆయన ప్రసిద్ధ వంటకం గార్గుయూ వచ్చిందని ఆయనే చెప్పారు.

ఆ వంటకాన్ని కాస్త చూద్దాం, ఎందుకంటే మీకు ఇంటర్నెట్‌లో కనిపించే ఫొటో సగమే చెప్తుంది. గార్గుయూ అనేది అసలు ఆ ప్రాంతంలో బంగాళాదుంపలూ హ్యామూ (ఉప్పు పట్టించి ఆరబెట్టిన పంది మాంసం) వేసి చేసే పేదవాళ్ల వంట. బ్రాస్ 1980 ప్రాంతంలో దాని పేరు ఉంచి లోపలంతా మార్చారు. ఆ రోజు తోటలో, పొలం గట్టు మీద ఏది దొరికితే అది: కూరగాయలు, ఆకులు, పూలు, మొలకలు, గింజలు, కొన్నిసార్లు యాభై పైన రకాలు. ప్రతి కూరగాయనీ విడిగా, దాని లెక్క ప్రకారం ఉడికిస్తారు. హ్యామ్ ముక్క వేయించిన కొవ్వులో కూరగాయల రసం, వెన్న కలిపి అన్నింటికీ పట్టిస్తారు. పల్చటి ఆ పూతే వంటకాన్ని ఒక్కటి చేస్తుంది. తర్వాత వచ్చిన తరంలో ఎన్ని దేశాల రెస్టారెంట్లు ఈ ప్లేటు చూసి తమ తోటల్లోకి నడిచాయో లెక్కలేదు. కాపీ చేసేవాళ్లు పూలు పేర్చడం నేర్చుకున్నారు. వేర్వేరు సమయాల్లో ఉడికే యాభై వస్తువుల్ని ఒకే క్షణానికి వేడిగా, సరైన మెత్తదనంతో ప్లేటు మీదికి తేవడం చాలామందికి చేతకాలేదు. అది కిచెన్ క్రమశిక్షణ. ఉదయం ఏడింటికి మొదలవుతుంది.

రెండో వంటకం మీరు తినే ఉంటారు, ఎవరిదో తెలియకుండా. 1981లో బ్రాస్ బిస్కి కులాన్ అనే చాక్లెట్ డెజర్ట్ పూర్తి చేశారు. దాదాపు రెండేళ్లు పట్టింది. స్కీయింగ్ చేసి చలికి వణుకుతూ ఇంటికొచ్చిన కుటుంబం వేడి చాక్లెట్ తాగుతూ తేరుకుంటున్నప్పుడు ఆ ఆలోచన పుట్టిందట. చాక్లెట్ గనాష్‌ని (చాక్లెట్, క్రీమ్ కలిపిన మిశ్రమాన్ని) గడ్డకట్టించి, దాని చుట్టూ పిండి పోసి రింగులో బేక్ చేస్తారు. బయట బిస్కెట్ ఉడికే లోపు లోపలిది కరిగి, కోయగానే కారుతుంది. ఇవాళ హైదరాబాద్ బేకరీల్లో, పిజ్జా దుకాణాల్లో దొరికే చాకో లావా కేక్ ఆ కోవకి చెందినదే. మామూలుగా మనం చేసేది సగం ఉడికిన కేక్, మధ్యలో పచ్చి పిండి. అమెరికాలో షెఫ్ జాన్ జార్జ్ వంగరిక్టన్ ఆ సగం ఉడికిన కేక్‌ని 1987లో తానే కనిపెట్టానని చెప్పుకుంటారు. రెండింటి తయారీ వేరు. బ్రాస్ పద్ధతి ఒకసారి సరిగ్గా చేసి చూడండి, లోపలిది సాస్‌లా ఉంటుంది, పిండి వాసన రాదు. మీ హోటల్ పేస్ట్రీ సెక్షన్‌లో దీన్ని చేసి చూపిస్తే సెక్షన్ షెఫ్ మిమ్మల్ని గుర్తుపెట్టుకుంటాడు.

ఇక స్టార్లు. మిషెలిన్ టైర్ల కంపెనీ 1900లో కార్లున్నవాళ్ల కోసం గైడ్ మొదలుపెట్టింది. 1926లో స్టార్లు వచ్చాయి, 1930ల్లో ఒకటి, రెండు, మూడు అనే వరస ఏర్పడింది. ఒక స్టార్ అంటే ఆ తరహాలో మంచి భోజనం. రెండంటే దారి మళ్లించి వెళ్లొచ్చు. మూడంటే దానికోసమే ప్రయాణం కట్టొచ్చు. పల్లె షెఫ్‌ల జాతకం మార్చింది ఈ మూడో అర్థమే. 1933లో పైన చెప్పిన యూజెనీ బ్రాజియే లియోన్ నగరంలోని రెస్టారెంట్‌కి మూడు, ఊరి బయట కోల్ ద లా లుయేర్ కొండ మీది రెస్టారెంట్‌కి మూడు స్టార్లు తెచ్చుకున్నారు. అంటే దాదాపు మొదటినుంచీ పల్లె రెస్టారెంటూ నగరంతో సమానంగా నిలబడింది. నగరంలో షెఫ్‌కి స్టార్ గౌరవం. పల్లెలో మూడో స్టార్ అంటే టేబుళ్లు నిండటం, గదులు నిండటం, బ్యాంకు వాయిదా కట్టగలగడం.

బ్రాస్‌కి 1980ల్లో లూ మజ్యూక్‌లోనే రెండు స్టార్లు వచ్చాయి. 1992లో ఆయనా భార్య జినెట్టూ ఊళ్లోంచి బయటికొచ్చి, కొన్ని కిలోమీటర్ల దూరంలో సూకే అనే గుట్ట మీద కొత్త భవనం కట్టారు. గాజు, రాయి, బయట ఏమీ లేని మైదానం. ఎత్తు సుమారు పన్నెండు వందల మీటర్లు. చలికాలం అక్కడికి రోడ్డే కష్టం, అందుకే వసంతం నుంచి శరదృతువు దాకానే తెరుస్తారు. అప్పటికి ఆయన నలభైల మధ్యలో ఉన్నారు. మూడో స్టార్ వచ్చింది 1999లో. మధ్యలో ఏడేళ్లు. ఏడాదిలో నాలుగైదు నెలలు మూసి ఉండే భవనం, దాని ఖర్చు, వస్తారో రారో తెలియని అతిథులు. ఆయన ధైర్యం నాకు గార్గుయూలో కన్నా ఇక్కడ ఎక్కువ కనిపిస్తుంది.

జినెట్ గురించి ఎవరూ తగినంతగా రాయరు. అతిథుల్నీ గదుల్నీ చూసుకున్నది ఆమె. ఫ్రాన్స్ పల్లె రెస్టారెంట్లలో ఇది నియమం లాంటిది. న్వార్‌ముతియే దీవిలో అలెగ్జాండర్ కుయోన్, భార్య సెలీన్ 1999లో అతని తల్లిదండ్రుల చిన్న రెస్టారెంట్ తీసుకున్నారు. మూడు స్టార్లు 2023లో వచ్చాయి. ఇరవై ఏళ్లకు పైగా ఇద్దరూ ఒకే భవనంలో. సాన్ బోనే ల ఫ్రువా అనే రెండు మూడొందల జనాభా ఊళ్లో రెజిస్ మార్కోన్ 1995లో బొకూజ్ దోర్ అనే అంతర్జాతీయ వంటల పోటీ గెలిచి, 2005లో మూడు స్టార్లు తెచ్చుకున్నారు. అదీ తల్లి నడిపిన కేఫ్ నుంచి మొదలైందే, ఇప్పుడు కొడుకులు చేస్తున్నారు. మీకు పెళ్లి కాకపోతే, లేదా మీ భార్యకి ఈ వ్యాపారం మీద ఆసక్తి లేకపోతే, సొంతంగా పల్లె రెస్టారెంట్ అనే కలని ఇంకోసారి ఆలోచించుకోండి. నమ్మకమైన భాగస్వామి ఉంటే సరే. ఒంటరిగా వంటా హాలూ రెండూ నడిపి నిలబడ్డవాళ్లని నేను చూడలేదు.

డబ్బు గురించి సూటిగా అడిగారు కాబట్టి సూటిగా చెప్తాను. ఈ స్థాయి వంట మీద మాత్రమే మిగిలేది చాలా తక్కువ. ఒక ప్లేటుకి యాభై రకాలు ఏరి, కడిగి, విడివిడిగా ఉడికించాలంటే మనుషులు కావాలి. ఫ్రాన్స్‌లో మనుషుల జీతం, దాని మీద కట్టే సామాజిక భద్రతా చందాలు బరువైనవి. పచారీ ఖర్చు కన్నా జీతాల ఖర్చే యజమాని నిద్ర చెడగొడుతుంది. అందుకే ప్రతి పల్లె షెఫ్‌కీ పక్కన ఇంకేదో ఉంటుంది. గదులు మొదటిది: అంత దూరం వచ్చినవాళ్లు రాత్రి ఉండాలి, పొద్దున బ్రేక్‌ఫాస్ట్ తినాలి. బ్రాస్ విషయంలో 2002లో జపాన్ హొక్కైదోలోని తోయా సరస్సు దగ్గర ఒక హోటల్లో రెస్టారెంట్ తెరిచారు. 2008లో జీ8 దేశాధినేతలు కలిసింది ఆ హోటల్లోనే. జపాన్ కత్తుల కంపెనీ కాయ్‌తో కలిసి కత్తులు చేశారు. మీయో వంతెన దగ్గరి విశ్రాంతి స్థలంలో కపూసాన్ అనే కోన్‌లలో కూరలు పెట్టి అమ్మారు. రోదేజ్‌లో సులాజ్ మ్యూజియంలో 2014లో కేఫ్, పారిస్‌లో 2021లో పాత ధాన్యపు మార్కెట్ భవనంలో ఇంకో రెస్టారెంట్. పైకి విస్తరణలా కనిపిస్తుంది. గుట్ట మీది భవనం ప్రశాంతంగా నడవాలంటే డబ్బు పక్కనుంచి రావాలన్నది నాకు అర్థమైన లెక్క.

అప్పు తప్పు దిక్కుకి వెళ్తే ఏమవుతుందో కూడా తెలుసుకోవాలి. బుర్గుండిలో సోలియూ అనే చిన్న పట్టణం. పాత పారిస్ రోడ్డు మీద ఉండేది, హైవే వచ్చాక బళ్లు పక్కనుంచి వెళ్లిపోయాయి. బెర్నార్ లువాజో 1975లో అక్కడికి వచ్చి, తర్వాత ఆ హోటల్ కొని, 1991లో మూడు స్టార్లు తెచ్చారు. భారీగా మరమ్మతులు చేయించారు, 1998లో కంపెనీని స్టాక్ మార్కెట్‌లో పెట్టారు. 2003 ఫిబ్రవరిలో ఇంకో గైడ్ ఇరవైకి ఇచ్చే మార్కుల్ని 19 నుంచి 17కి తగ్గించింది, స్టార్ కూడా పోతుందని పత్రికల్లో ఊహాగానాలు వచ్చాయి. ఆ నెల 24న ఆయన తన ప్రాణం తీసుకున్నారు. మిషెలిన్ ఆ ఏడాది మూడు స్టార్లూ ఉంచింది. ఒక మనిషి చావుని ఒక్క కారణానికి కట్టడం అన్యాయం, నేను కట్టను. కానీ కిచెన్లో టెన్షన్ గురించి ఫ్రాన్స్‌లో బహిరంగంగా మాట్లాడటం ఆ తర్వాతే పెరిగింది. మీకు నిద్ర పట్టకపోతే, పొద్దున కిచెన్లోకి వెళ్లాలంటే కడుపులో తిప్పితే, ఎవరితోనైనా చెప్పండి. డాక్టరైనా, ఇంట్లోవాళ్లైనా, పక్క సెక్షన్ వాడైనా సరే.

ఆ ఒత్తిడిని ఇంకో దారిలో ఎదుర్కొన్నవాళ్లు ఉన్నారు. సముద్రతీరంలోని కాంకాల్‌లో మసాలాల వంటకి పేరొందిన ఒలివియే రోలాంజే 2006లో మూడో స్టార్ తెచ్చుకుని, 2008లో ఒంట్లో ఓపిక లేదంటూ ఆ రెస్టారెంట్ మూసేశారు. బ్రాస్ ఇంట్లో అయితే కొడుకు సెబాస్టియన్ 2009లో పగ్గాలు తీసుకున్నారు. 2017 సెప్టెంబరులో ఆయన ఒక వీడియోలో తమని గైడ్ నుంచి తీసేయమని మిషెలిన్‌ని కోరారు. ఏడాదికి రెండు మూడుసార్లు ఇన్‌స్పెక్టర్లు వస్తారు, ఎప్పుడొస్తారో తెలియదు, రోజూ బయటికెళ్లే ఐదు వందల ప్లేట్లలో ఏదైనా ఆ ప్లేటు కావచ్చు, ఆ బరువు లేకుండా వండాలనుంది అన్నది సారాంశం. 2018 గైడ్‌లో వాళ్ల పేరు లేదు. 2019 గైడ్‌లో మిషెలిన్ తనంతట తనే రెండు స్టార్లతో మళ్లీ పెట్టింది. అడిగితే ఒక ఏడాది తీసి, మళ్లీ పెట్టేశారన్నమాట. ఇందులో నేను సెబాస్టియన్ పక్షం. తండ్రి సంపాదించిన స్టార్లు కొడుకు మోయాలా వద్దా అన్నది కొడుకే తేల్చుకోవాలి. అప్పటికే లోకమంతా వాళ్ల దారి తెలుసుకున్నాక, ఆ గుట్టకి మనుషులు రావడానికి గైడ్ అక్కర్లేకపోయింది.

అక్కడి రోజువారీ పని ఎలా ఉంటుందో చెప్తాను. మీరు ఊహించుకునే దానికి ఇది దూరంగా ఉండొచ్చు. ఉండటానికి ఇల్లు చాలాచోట్ల యజమానే ఇస్తాడు, ముగ్గురు నలుగురు కలిసి. దగ్గర్లో సినిమా హాలు ఉండదు, బస్సు రోజుకి ఒకటో రెండో, ఆదివారం అసలు ఉండదు. ఉదయం పని, మధ్యాహ్నం సర్వీసు, తర్వాత రెండు మూడు గంటల విరామం, మళ్లీ రాత్రి సర్వీసు. విరామంలో నగరం కుర్రాళ్లు విసుగెత్తిపోతారు. కొండలంటే ఇష్టమున్నవాళ్లు నడకకి వెళ్తారు, తిరిగొచ్చేటప్పుడు వాళ్ల జేబులో రెండు మూడు రకాల ఆకులుంటాయి. షెఫ్ వాటిని నలిపి వాసన చూస్తాడు. ఓబ్రాక్‌లో సిస్త్ర్ అనే అడవి సోంపు జాతి మొక్క పెరుగుతుంది, బ్రాస్ ఇంటి గుర్తు దాని ఆకే.

సరుకు విషయంలో పెద్ద హోటల్ అలవాట్లు పనికిరావు. మీ దగ్గర ఫోన్ చేస్తే సాయంత్రానికి ఏదైనా వస్తుంది. అక్కడ పెద్ద లారీ వారానికి కొన్ని రోజులే. మిగతాదంతా వెనక తలుపు దగ్గర జరుగుతుంది: చీజ్ తెచ్చేవాడు, పుట్టగొడుగులు ఏరి తెచ్చే ముసలాయన, తోటమాలి. రాత్రి వడగళ్లు పడితే పొద్దున తొమ్మిదింటికి మెనూ మారుతుంది. అప్పుడు షెఫ్ ముఖం చూడాలి, కోపం ఉండదు. ఉన్నదానితో ఏం చేద్దామనే ఆలోచన ఉంటుంది. ఈ తెలివి ఒక్కటి నేర్చుకుని వస్తే మీరు ఖర్చు పెట్టిన విమానం టికెట్టు గిట్టుబాటైనట్టే. ఇంకో ముచ్చట: లాయోల్ వైపు అతిథి భోజనం మొదలు నుంచి చివరి దాకా ఒకే కత్తి వాడతాడు, ప్లేటు మారినా కత్తి మారదు. పొలంలో జేబులోంచి కత్తి తీసి తినే రైతుల అలవాటది. బ్రాస్ దాన్ని మూడు స్టార్ల హాల్లో కూడా ఉంచారు.

ఇప్పుడు మీరు అక్కడికి చేరే మార్గాలు. చాలామంది మనవాళ్లు స్టాజ్ అనే ట్రైనింగ్ కోసం నేరుగా మెయిళ్లు పెడుతుంటారు. ఫ్రాన్స్ చట్టం ప్రకారం స్టాజ్‌కి విద్యాసంస్థ, విద్యార్థి, రెస్టారెంట్ ముగ్గురూ సంతకం చేసిన ఒప్పందం తప్పనిసరి. ఒక్కచోట ఏడాదికి ఆరు నెలలు మించకూడదు, రెండు నెలలు దాటితే భత్యం ఇవ్వాలి. మీరు చదువు పూర్తి చేసేశారు కాబట్టి ఏ కాలేజీ తరఫున సంతకం ఉండదు. ఒప్పందం లేకుండా వచ్చేయమని ఎవరైనా అంటే వెళ్లొద్దు. టూరిస్టు వీసా మీద పనిచేయడం నేరం, జబ్బు చేసినా చెయ్యి తెగినా అడిగేవాడుండడు. ఒక చోట అలా వచ్చిన కుర్రాణ్ని చూశాను. నూనె పడి చెయ్యి కాలితే ఆస్పత్రికి తీసుకెళ్లడానికే యజమాని భయపడ్డాడు.

మీకున్నవి రెండు దారులు. ఒకటి, పారిస్‌లో ఫెర్రాందీ, లియోన్ దగ్గర ఎకులీలో ఒకప్పుడు పోల్ బొకూజ్ పేరుతో ఉండి ఇప్పుడు Lyfe అని పిలుస్తున్న సంస్థ లాంటి స్కూళ్లలో చేరడం. ఫీజు ఎక్కువ, కానీ స్టాజ్ కోర్సులో భాగం, స్కూలు పేరుతో తలుపులు తెరుచుకుంటాయి. రెండోది, యజమాని మీకోసం వర్క్ పర్మిట్‌కి దరఖాస్తు చేసే ఉద్యోగం. ఇందులో సీజనల్ వర్కర్ కార్డు ఉంది: ఏడాదికి ఆరు నెలల వరకు అక్కడ పని, మిగతా కాలం మన ఇల్లు, కార్డు మూడేళ్ల వరకు ఇస్తారు. సీజన్‌లో మాత్రమే తెరిచే కొండ రెస్టారెంట్లకి ఇది అతికినట్టు సరిపోతుంది. అప్పు చేసి స్కూల్లో చేరే పరిస్థితి మీదైతే నేను రెండోదే చెప్తాను. ఏజెంటుకి డబ్బు కట్టొద్దు. దరఖాస్తు పెట్టాల్సింది యజమాని.

కాంట్రాక్టులో వారానికి ఎన్ని గంటలో చూసుకోండి. చట్టం ప్రకారం 35, హోటళ్లలో మామూలుగా 39 రాస్తారు. దాటిన గంటలు నెల జీతం చీటీలో కనిపించాలి. కనిపించకపోతే మొదటి నెలలోనే మర్యాదగా అడగండి, ఆరో నెలలో అడిగితే గొడవవుతుంది. ఇంటి అద్దె ఎంత కోస్తారో కూడా ముందే కాగితం మీద తీసుకోండి.

ఫ్రెంచ్ రాకుండా వెళ్లొద్దు. పారిస్ కిచెన్లలో ఇంగ్లిష్‌తో నెట్టుకురావచ్చు, పల్లెలో కుదరదు. హైదరాబాద్‌లో అలియాన్స్ ఫ్రాంసేజ్ ఉంది, కనీసం ఏ2 (ప్రాథమిక) స్థాయి పూర్తి చేయండి, దాని పైనున్న బీ1 అయితే ఇంకా మంచిది. దానితో పాటు చిన్న పని: అక్కడి కూరగాయలు, మూలికలు, మాంసం కోతల పేర్లు ఫ్రెంచ్‌లో నోటికి రావాలి. సర్వీసులో షెఫ్ అరిచినప్పుడు అర్థం చేసుకోవడానికి అర సెకను కూడా ఉండదు.

ఏ ఇంటిని ఎంచుకోవాలనేది మూడు స్టార్లు చూసి తేల్చుకోవద్దు. ఒక స్టార్ ఉన్న, లేదా స్టార్ లేని, భార్యాభర్తలు నడిపే, ఆరేడుగురు కిచెన్లో ఉన్న చోటు మీకు ఎక్కువ నేర్పుతుంది. మూడు స్టార్ల కిచెన్లో సీజనంతా మీరు ఆకులు కడగడంతోనే గడిచిపోవచ్చు. చిన్న కిచెన్లో రెండో నెలకే సాస్ చేతికిస్తారు, రొట్టె చేయమంటారు, రైతు దగ్గరికి పంపిస్తారు. పెద్ద పేరు సీవీ మీద బాగుంటుంది, నిజమే. దానికి రెండో సీజన్ ఉంది.

మీ చివరి ప్రశ్న, తిరిగొచ్చి అరకు వైపు ఇలాంటిది పెట్టొచ్చా అని. అరకు కాఫీ పేరుతోనే 2017లో పారిస్‌లో దుకాణం తెరిచారు, కాబట్టి ఆ కొండల్లో పండేదానికి విలువ ఉందని రుజువు అడగక్కర్లేదు. కానీ మీరు పూలు చల్లిన ప్లేట్లతో మొదలుపెట్టకండి. బ్రాస్ మొదలుపెట్టింది తల్లి వంటతో, ఊరివాళ్లు రోజూ తినే చోటులో. అక్కడ ఎవరు ఏం పండిస్తున్నారు, ఏ నెలలో ఏది ఆగిపోతుంది, వర్షాకాలం రోడ్డు ఎన్ని రోజులు బాగుంటుంది, పర్యాటకులు రాని నెలల్లో జీతాలు ఎక్కడినుంచి వస్తాయి: ఒక ఏడాది పాటు ఇవి నోట్‌బుక్‌లో రాసుకుంటే, పెట్టాలో వద్దో మీకే తెలుస్తుంది. భూమి కొనడం ఆ తర్వాతి మాట.

ఉత్తరాలు ఎప్పుడు పంపాలో చెప్పి ఆపేస్తాను, దీనిమీదే చాలామంది దెబ్బతింటారు. వేసవిలో రాస్తే ఎవరూ చదవరు, సర్వీసులో మునిగి ఉంటారు. శరదృతువు చివర ఇళ్లు మూతపడతాయి, యజమానులు కొన్ని వారాలు సెలవు తీసుకుంటారు, డిసెంబరు జనవరిలో వచ్చే సీజన్ టీమ్ గురించి ఆలోచిస్తారు. పర్మిట్‌కి కూడా సమయం పడుతుంది కాబట్టి మీ మెయిల్ అప్పుడే వెళ్లాలి. ఒక పేజీ లేఖ, ఫ్రెంచ్‌లో, మీరే రాసింది, తప్పులున్నా ఫర్వాలేదు. ఆ ఇంటి వంటలో మీరు ఏది చూసి ఆగిపోయారో ఒక్క వంటకం పేరు పెట్టి రాయండి. మీకు ఏ సెక్షన్ ఒంటరిగా నడపడం వచ్చో రాయండి. ఫలానా తేదీ నుంచి ఫలానా తేదీ దాకా, మే నుంచి అక్టోబరు చివరి వరకు, ఒక్కరోజు తక్కువ కాకుండా ఉంటానని రాయండి. ఆ మధ్యలో ఇంట్లో పెళ్లి ఉంటే ఆ ఏడాది వదిలేసి వచ్చే ఏడాది రాయండి.